ఆ ఆకుపచ్చ పొరపాటు కాదు

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో డచ్ ఛాయాగ్రాహకుడు రాబీ ముల్లర్ మీద వ్యాసం వేసినందుకు ముందుగా మా సంతోషం తెలియజేస్తున్నాం. కెమెరామన్ పేరు పోస్టరు అడుగున చీమ తలకాయంత అక్షరాల్లో తప్ప కనిపించదు. అలాంటిది అతని పని మీద పేజీ నిండా రాశారు. కానీ ఆ పేజీలోని ఒక వాక్యం, ఒక బొమ్మ కలిసి ముల్లర్ చేసిన పనికి పూర్తిగా ఎదురు అర్థం చెప్పాయి. లైట్లు పెట్టకుండా ఉన్న వెలుగులోనే తీసేసేవారన్నది ఆ వాక్యం. బొమ్మ విమ్ వెండర్స్ దర్శకత్వంలో వచ్చిన 'పారిస్, టెక్సస్' చివర్లోని పార్కింగ్ దృశ్యం. ఆ దృశ్యానికి ప్రాణమైన ఆకుపచ్చ మీ పేజీలో లేదు. మామూలు బూడిదరంగు నేల, తెల్లటి దీపాలు. ఎవరో శుభ్రంగా కడిగేశారు.

కావాలని చేసి ఉండరు. ఫొటో సాఫ్ట్‌వేర్‌లో ఆటో కలర్ నొక్కితే అది చేసేది అదే. బొమ్మలో ఏది తెలుపో, ఏది బూడిదో తానే ఊహించుకుని, మొత్తం బొమ్మను దానికి తగ్గట్టు జరుపుతుంది. పెళ్లి ఫొటోకి అది మేలు చేయవచ్చు. ముల్లర్ ఫ్రేముకి మాత్రం చేటు.

ట్యూబ్‌లైటు వెలుగు మన కంటికి తెల్లగానే కనిపిస్తుంది. నిజానికి గొట్టంలోని పాదరసపు ఆవిరి 546 నానోమీటర్ల దగ్గర ఆకుపచ్చను బలంగా వెదజల్లుతుంది. గొట్టం లోపల పూసిన పొడి మిగతా రంగుల్ని కొంత పూడ్చినా ఆ పోటు పోదు. మెదడు సర్దుకుపోతుంది కాబట్టి గదిలో కూర్చున్న మనిషికి తేడా తెలియదు. ఫిల్ము అలా సర్దుకోదు. దానికి తెలుపు అంటే ఏమిటో తయారీలోనే ఖాయమైపోతుంది: 3,200 కెల్విన్ (వెలుగు రంగుకు కొలత) బల్బు వెలుగో, 5,500 కెల్విన్ పగటి వెలుగో. ఈ రెంటిలో దేనికీ చెందని ట్యూబ్‌లైటు కింద తీస్తే మనిషి ఒళ్లు, వెనక గోడ పాచి పట్టినట్టు వస్తాయి.

ఆ రోజుల్లో దీన్ని తప్పు కిందే జమకట్టేవారు. విరుగుడుకు మూడు దారులుండేవి. ప్రతి గొట్టానికీ మెజెంటా (ఊదా కలిసిన గులాబీ) జెల్, అంటే వెలుగును వదిలే రంగు కాగితం, చుట్టడం ఒకటి. పెద్ద హాలైతే ఇది సగం రోజు పని, ఒక్క గొట్టం మరిచినా అది ఫ్రేములో పచ్చగా వెక్కిరిస్తుంది. లెన్సు ముందు మెజెంటా ఫిల్టరు పెట్టడం రెండోది. దీంతో దాదాపు ఒక స్టాప్ వెలుగు, అంటే సగం, పోతుంది, కిటికీలోంచి వచ్చే పగటి వెలుగు గులాబీ రంగుకి తిరుగుతుంది. మన లైట్లకూ ఆకుపచ్చ జెల్ వేసి, ఫ్రేమంతా ఒకే రంగు చేసి, ఆ రంగును ల్యాబులో ఒక్కసారిగా లాగించేయడం మూడోది. ఏ దారిలో వెళ్లినా గురి ఒక్కటే, అక్కడ ట్యూబ్‌లైటు ఉందన్న సంగతి ప్రేక్షకుడికి తెలియకూడదు.

ముల్లర్ ఇవేవీ చేయకుండా ట్యూబ్‌లైటును దాని మానాన వదిలేశారు. 1977లో హాంబర్గ్ నేపథ్యంగా వచ్చిన 'ద అమెరికన్ ఫ్రెండ్'లోనే ఇది కనిపిస్తుంది. 1984లో కాన్ చలనచిత్రోత్సవంలో అత్యున్నత పురస్కారం పామ్ దోర్ గెలిచిన 'పారిస్, టెక్సస్'లో పూర్తిగా చేతికొచ్చింది. అసుర సంధ్య వేళ ఆకాశంలో మిగిలిన నీలం, గదిలో బల్బు పసుపు, బయట ట్యూబ్‌లైటు ఆకుపచ్చ ఒకే ఫ్రేములో ఒకదాని పక్కన ఒకటి నిలబడతాయి. దేనికి దానికి ఒక చోటు ఉంటుంది. ఆకుపచ్చలో నిలబడ్డ మనిషి ఇంటికి బయట ఉన్నాడని ఎవరూ చెప్పనక్కర్లేదు.

దీన్ని 'ఉన్న వెలుగులో తీసేశారు' అనేస్తే ఆ పనిలో కష్టం కనిపించకుండా పోతుంది. అసుర సంధ్య షాటునే తీసుకోండి. దీపాలకూ ఆకాశానికీ పొత్తు కుదిరే వ్యవధి రోజుకు ఇరవై, ముప్పై నిమిషాలకు మించదు. ముందు దీపాల వెలుగును కొలిచి లెన్సు అపర్చరు (వెలుగు లోపలికి వచ్చే రంధ్రం) ఖాయం చేసుకోవాలి. తర్వాత ఆకాశం దానికంటే ఒకటి, రెండు స్టాప్‌లు కిందకి దిగేదాకా చేతులు కట్టుకుని ఎదురుచూడాలి. తొందరపడితే దీపాలు వెలగనట్టే ఉంటాయి, ఆలస్యమైతే ఆకాశం నల్లటి గుడ్డ అవుతుంది. దీపం మరీ ఎక్కువైతే దాని చుట్టూ తెల్లగా కాలిపోయి రంగే మిగలదు. అంటే ఆకుపచ్చ ఆకుపచ్చగా కనిపించాలంటే దాని మోతాదు కూడా చూసుకోవాలి. ఆ ఇరవై నిమిషాల్లో నటుడు రెండుసార్లు తడబడితే మళ్లీ మర్నాడే.

తీసిన తర్వాత కూడా ప్రమాదం తప్పదు. ల్యాబులో ప్రింటు వేసేటప్పుడు ఎరుపు, ఆకుపచ్చ, నీలం వెలుగుల్ని విడివిడిగా 1 నుంచి 50 దాకా మెట్లలో అమర్చుతారు. 25 నడిమి మెట్టు, సుమారు 12 మెట్లు కలిస్తే ఒక స్టాప్. నెగెటివ్ నుంచి పాజిటివ్‌కి వెళ్తున్నాం కాబట్టి ఇక్కడ లెక్క తిరగబడుతుంది. ప్రింటులో ఆకుపచ్చ తగ్గాలంటే ఆకుపచ్చ వెలుగును పెంచాలి. అప్పుడు ప్రింటులో మెజెంటా పొర చిక్కబడి ఆకుపచ్చను మింగేస్తుంది. అక్కడ కూర్చున్న మనిషి మంచి ఉద్దేశంతోనే ఎనిమిది, పది మెట్లు పెంచాడనుకోండి. ట్యూబ్‌లైటు తెల్లబడుతుంది. కానీ అదే ఫ్రేములో బల్బు వెలుగులో ఉన్న ముఖం గులాబీ అవుతుంది, ఆకాశంలోని నీలం ఊదా అవుతుంది. ఒక రంగును సరిదిద్దబోయి రెండు రంగుల్ని చెడగొట్టినట్టు. మీ పేజీలో జరిగిందీ ఇదే, కాకపోతే ఇది కంప్యూటర్ చేసిన పని.

దీనికి ఛాయాగ్రాహకులు పాటించే జాగ్రత్త చిన్నదే. రీలు మొదట్లో బూడిద కార్డును తీస్తారు. ఆ కార్డు మీద పడే వెలుగు ట్యూబ్‌లైటుది కాకూడదు, ఫిల్ముకు సరిపోయే తెల్లటి వెలుగు కావాలి. ల్యాబువాళ్లు కార్డును బూడిదగా తేల్చి అక్కడితో ఆగితే తర్వాత వచ్చే దృశ్యంలో ఆకుపచ్చ చెక్కుచెదరదు. పొరపాటున కార్డును ట్యూబ్‌లైటు కిందే తీశారంటే, ఆకుపచ్చను తీసేయండని ల్యాబుకు రాసిచ్చినట్టే. డిజిటల్ కెమెరాలోనూ ఇంతే. ఏది తెలుపో కెమెరాకు చెప్పే వైట్ బ్యాలెన్సును ఆటోలో వదిలేస్తే ముల్లర్ రంగు ఎన్నటికీ రాదు.

ట్యూబ్‌లైటుకు రంగు ఒక్కటే చిక్కు కాదు, రెపరెప కూడా ఉంది. పాత చోక్‌తో వెలిగే గొట్టం కరెంటు లయను బట్టి మినుకుమంటుంది. అమెరికాలో కరెంటు 60 హెర్ట్జ్, ఒక్కో ఆవర్తనానికి రెండు చొప్పున సెకనుకు 120 మినుకులు. సెకనుకు తీసే 24 ఫ్రేములకు పంచితే ఫ్రేముకు సరిగ్గా 5 వస్తాయి, చిక్కు లేదు. జర్మనీలో 50 హెర్ట్జ్, 100 మినుకులు. 24తో భాగిస్తే శేషం మిగులుతుంది, తెర మీద వెలుగు ఊపిరి తీస్తున్నట్టు పెరిగి తగ్గుతుంది. సెకనుకు 25 ఫ్రేములు తీస్తే నాలుగేసి చొప్పున సరిపోతాయి. 24 ఫ్రేములే కావాలంటే షట్టరు తెరుచుకునే కోణాన్ని 172.8 డిగ్రీలకు పెట్టాలి, అప్పుడు ఒక్కో ఫ్రేముకు సెకనులో 50వ వంతు సేపు వెలుగు తగిలి సరిగ్గా రెండు మినుకులు పడతాయి. ఈ లెక్క తప్పితే ఎంత అందమైన ఆకుపచ్చ అయినా పారేయాల్సిందే.

వ్యాసంలో ఒక్క ముక్కలో దాటేసిన 'పారిస్, టెక్సస్' అద్దం గది దృశ్యం గురించి కాస్త వివరంగా చెప్పాలి. నస్తాస్యా కిన్‌స్కీ ఒక వైపు, హ్యారీ డీన్ స్టాంటన్ మరో వైపు, మధ్యలో ఒక వైపు నుంచే కనిపించే అద్దం. ఇలాంటి అద్దం కొంత వెలుగును వెనక్కి పంపుతుంది, కొంత వెలుగును లోపలికి వదులుతుంది, అంతకుమించి మాయేమీ లేదు. వెలుగున్న వైపు అది అద్దం, చీకటున్న వైపు అది కిటికీ. అందుకే కథలో ఆమె తన గదిలో దీపం ఆర్పి, అతను తన దీపాన్ని ముఖానికేసి తిప్పుకున్న తర్వాతే ఆమెకు అతను కనిపిస్తాడు. అక్కడ దీపమే కథ నడుపుతుంది. అద్దంలో అతని ముఖం ఆమె ముఖం మీద వచ్చి కూర్చునే షాటు అందరికీ గుర్తుంటుంది. దాన్ని కుదర్చడానికి రెండు షరతులు. అతని ముఖం మీద వెలుగు తక్కువైతే ప్రతిబింబం రాదు, ఎక్కువైతే ఆమె ముఖం మాసిపోతుంది. రెండోది ఫోకస్. ప్రతిబింబం అద్దం మీద ఉండదు, అతను అద్దానికి ఎంత దూరంలో ఉన్నాడో అద్దం అవతల అంత దూరంలో ఉంటుంది. కాబట్టి ఇద్దరూ అద్దానికి సమాన దూరంలో కూర్చుంటేనే రెండు ముఖాలూ ఒకే ఫోకస్‌లో, ఒకే సైజులో పడతాయి. కుర్చీ ఒక జానెడు జరిగినా సైజు తేడా కొడుతుంది. పైగా అతని వైపున్న కెమెరా అద్దంలో పడకుండా కెమెరాకు, మనుషులకు నల్లగుడ్డ కప్పాల్సిందే. ఉన్న వెలుగులో తీసేశారనడానికి ఇందులో ఎక్కడా చోటు లేదు.

అంతకుముందు ఆ అద్దం గదిలోనే వాళ్లు మొదటిసారి ఎదురుపడ్డప్పుడు ఆమె వేసుకున్న స్వెటరు ముదురు గులాబీ. రంగుల చక్రంలో ఆకుపచ్చకు ఎదురుగా ఉండేది మెజెంటా, దానికి ఈ గులాబీ దగ్గరి చుట్టం. పచ్చటి రాత్రుల తర్వాత ఆ స్వెటరు కళ్లకు ఎందుకు అంతలా తగులుతుందో ఆలోచిస్తే, పచ్చదనాన్ని కడిగేస్తే స్వెటరు బలం కూడా పోతుందని తెలుస్తుంది.

ట్యూబ్‌లైటుతో ముల్లర్ బంధం అక్కడితో తీరలేదు. మీ వ్యాసంలో లేని సంగతి ఒకటుంది. 1987లో వచ్చిన 'బార్‌ఫ్లై' చిత్రీకరణ మరీ ఇరుకైన గదిలో జరిగింది. మామూలు సినిమా లైట్లు పెడితే మనుషులకు చోటుండదు. లైట్ల పని చూసే గాఫర్ ఫ్రీడర్ హోక్‌హైమ్, ఆయన సహాయకుడు గ్యారీ స్వింక్ కలిసి గొట్టాన్ని, చోక్‌ను విడదీశారు. బరువైన, వేడెక్కే, రొదచేసే చోక్ దూరంగా ఎక్కడో ఉంటుంది, పొడుగాటి వైరు చివర తేలికైన గొట్టం మాత్రమే సెట్లోకి వస్తుంది. దాన్ని గోడకు టేపుతో అంటించవచ్చు, బార్ బల్ల వెనక దాచవచ్చు. రొద దూరమైంది కాబట్టి శబ్దం రికార్డు చేసేవారికీ ఊరట. కినో ఫ్లో అనే పేరుతో ప్రపంచమంతా వాడిన లైట్లకు పుట్టుక ఆ సెట్టే. బల్బు వెలుగుకో పగటి వెలుగుకో సరిపోయే గొట్టాలు అందులో వచ్చాయి. ఆకుపచ్చను వదిలేసిన ఛాయాగ్రాహకుడి సెట్లోనే ఆకుపచ్చ లేని ట్యూబ్‌లైటుకు దారి పడింది. రెంటినీ కలిపి చూస్తే ఆయనకు పంతం రంగు మీద లేదని, ఆ చోటుకు ఏ వెలుగు తగునన్నదే చూశారని అర్థమవుతుంది.

ఇక జీవిత వివరాల్లో ఒక సవరణ. ఆయన పుట్టింది ఆమ్‌స్టర్‌డామ్‌లో కాదు. 1940 ఏప్రిల్ 4న కరీబియన్‌లోని కురసావ్ దీవి, విల్లెమ్‌స్టాడ్‌లో పుట్టారు. చిన్నతనం కొంత ఇండోనేషియాలో గడిచింది, 1953లో కుటుంబం ఆమ్‌స్టర్‌డామ్ చేరింది. 1960ల మొదట్లో నెదర్లాండ్స్ ఫిల్మ్ అకాడమీలో చదివి, మరో డచ్ ఛాయాగ్రాహకుడు గెరార్డ్ వాండెన్‌బెర్గ్ దగ్గర సహాయకుడిగా చేసి, జర్మనీలో స్థిరపడ్డారు. హాన్స్ గైసెన్‌డోర్ఫర్ తీసిన 'యోనాథన్' (1970) తొలి చిత్రాల్లో ఒకటి. విమ్ వెండర్స్‌తో స్నేహం కూడా ఆ కాలానిదే. అందువల్ల పాత డచ్ చిత్రకారులు వెర్మీర్, రెంబ్రాంట్‌ల వెలుగు ఆయన నెత్తురులోనే ఉందన్న మీ వ్యాసంలోని మాట మాకు అంతగా రుచించలేదు. డచ్ పేరు కనిపించగానే కిటికీ పక్క వెలుగు గుర్తుకు రావడం తేలిక. ఆయన ఫ్రేముల్లో కనిపించేవి పెట్రోలు బంకులు, మోటెళ్లు, కార్ల అద్దాలు. హోటల్ గదుల్లో ఆయన తీసుకున్న పోలరాయిడ్లు కూడా 2016లో ఆమ్‌స్టర్‌డామ్ ఐ ఫిల్మ్ మ్యూజియం ప్రదర్శనలో పెట్టారు. దీపం గోడ మీద ఎలా పడుతోంది, కిటికీ వెలుగు దాన్ని ఎక్కడ కలుస్తోంది, వాటిలో ఆయన చూసింది ఇదే.

నలుపు తెలుపు చిత్రాల గురించి మీరు బాగా రాశారు. 'ఆలిస్ ఇన్ ద సిటీస్' (1974) 16 మి.మీ. ఫిల్ము మీద, 'కింగ్స్ ఆఫ్ ద రోడ్' (1976) 35 మి.మీ. మీద తీశారు. రెండోది లూనెబుర్గ్ నుంచి హోఫ్ దాకా, అప్పటి తూర్పు జర్మనీ సరిహద్దు వెంట సాగే దాదాపు మూడు గంటల ప్రయాణం. ఒక్క చేర్పు చేస్తాం. నలుపు తెలుపులో ఎర్ర చొక్కా, ఆకుపచ్చ చెట్టు ఒకే బూడిద కావచ్చు, మనిషి చెట్టులో కలిసిపోతాడు. విడదీయడానికి ఉన్నవి వెలుగు, ఫిల్టరు. లేత పసుపు 8వ నంబరు ఫిల్టరుకు ఒక స్టాప్ పోతుంది, ఆకాశం కాస్త ముదురుతుంది. ఎరుపు 25వ నంబరుకు మూడు స్టాప్‌లు పోతాయి, నీలాకాశం దాదాపు నల్లబడుతుంది, కానీ పెదవులు కూడా పాలిపోతాయి. ముఖాలున్న షాటులో ఎరుపు పెట్టకపోవడానికి కారణం అదే. అమెరికన్ దర్శకుడు జిమ్ జార్ముష్‌తో చేసిన 'డౌన్ బై లా' (1986) చిత్తడి నేలల్లో, 'డెడ్ మ్యాన్' (1995) అడవుల్లో నీరు, ఆకు, బట్ట, చర్మం దేనికది విడిగా నిలవడాన్ని ఈ దృష్టితో మళ్లీ చూడమని పాఠకులకు మా సూచన. అదే జార్ముష్‌తో రంగుల్లో తీసిన 'మిస్టరీ ట్రెయిన్' (1989)లో ఎరుపును సూట్‌కేసు, హోటల్ గుమస్తా సూటు లాంటి కొద్ది వస్తువులకే పరిమితం చేశారు.

'బ్రేకింగ్ ద వేవ్స్' (1996) దగ్గర మీ వ్యాసం తొట్రుపడింది. కెమెరా వణుకుడును నిర్లక్ష్యం అన్నట్టు రాశారు. ఆ సినిమాలో నటులకు నేల మీద గుర్తులు పెట్టలేదు, ఎటైనా నడవవచ్చు, కెమెరా చేత్తో పట్టుకుని వెంట వెళ్లాలి. 50 మి.మీ. లెన్సు, 2.8 అపర్చరు, మనిషి 2 మీటర్ల దూరంలో ఉన్నాడనుకుంటే స్పష్టంగా కనిపించే లోతు 22 సెంటీమీటర్లే. నటి ఒక అడుగు ముందుకేస్తే ఫోకస్ పోతుంది, దాన్ని పట్టుకునే లోపు ఆ మసక తెర మీదకు వచ్చేస్తుంది. దాన్ని కోసేయకుండా ఉంచడం ఒక నిర్ణయం. 35 మి.మీ.లో తీసి, వీడియోకు మార్చి రంగులు దిద్ది, తిరిగి ఫిల్ముకు ఎక్కించారు. ఆ మాసినట్టుండే రంగు అలా వచ్చింది. ఆ చిత్రానికి, 'డెడ్ మ్యాన్'కు కలిపి న్యూయార్క్ విమర్శకుల సంఘం ఆయనకు ఆ ఏడాది ఉత్తమ ఛాయాగ్రాహకుడి పురస్కారం ఇచ్చింది. తర్వాత 'డాన్సర్ ఇన్ ద డార్క్' (2000) పాటలకు 100 డిజిటల్ కెమెరాలు బిగించినప్పుడు కష్టం ఇంకోలా మారింది. ఏ కెమెరా కంటికీ మరో కెమెరా, లైటు కనబడకుండా వెలుగు పెట్టాలి. ఒక ముఖానికి అందంగా వెలుగు పెట్టే అవకాశమే అక్కడ ఉండదు. అరవైకి దగ్గరపడ్డ వయసులో ఆ పనికి ఒప్పుకున్న మనిషి ఆయన. 2018 జులై 3న ఆమ్‌స్టర్‌డామ్‌లో కన్నుమూశారు.

చివరిగా మీ పేజీ తయారుచేసే మిత్రులకు ఒక విన్నపం. ముల్లర్ బొమ్మలు మళ్లీ వేసేటప్పుడు ఆటో కలర్ జోలికి వెళ్లకండి. న్యూస్‌ప్రింట్ సిరాను పీల్చి చుక్కను వ్యాపింపజేస్తుంది కాబట్టి మధ్యస్థాయి నీడల్ని కొంచెం తేలిక చేయడం తప్పదు, కానీ ఆ మార్పు వెలుగు వరకే ఉండాలి, రంగు కదలకూడదు. నలుపు తెలుపు బొమ్మల్ని నల్ల ప్లేటు ఒక్కదానితోనే అచ్చేయండి. నాలుగు రంగులతో వేస్తే ప్లేట్లు వెంట్రుకవాసి జరిగినా అంచుల్లో ఎరుపు, నీలం గీతలు పడతాయి. మీ 'డెడ్ మ్యాన్' బొమ్మలో టోపీ అంచున పడ్డ గులాబీ గీత అలా వచ్చిందే. 'బ్రేకింగ్ ద వేవ్స్' ఫ్రేము వెడల్పు ఎత్తుకు 2.35 రెట్లు, దాన్ని చతురస్రంగా కత్తిరిస్తే మనిషి మిగులుతాడు, అతని చుట్టూ ఉన్న ఖాళీ పోతుంది.

పార్కింగ్ బొమ్మను సరిచేసి మరోసారి వేయగలరా? పాత వీడియో ప్రతి నుంచి తీసుకోకుండా, వెండర్స్ ఫౌండేషన్ పునరుద్ధరించిన ప్రతి నుంచి వచ్చిన స్టిల్ తెప్పించుకోండి. ప్రూఫు చూసేటప్పుడు నేల మీది పచ్చదనం చూసి అచ్చు చెడిందేమోనన్న అనుమానం వస్తుంది. అప్పుడు దాన్ని అలాగే అచ్చుకు పంపండి.

ఇట్లు,
సినిమా ఛాయాగ్రహణంలో పనిచేస్తున్న కొందరం